బావ పేరు మీద ఇరవై ఏళ్ళు

మాలూరు ఫ్యాక్టరీ గేటు దాటగానే గోడకి మా ఆయన ఫోటో పెట్టారు. దండ వేశారు. కింద గ్లాసులో బియ్యం పోసి ఊదుబత్తులు గుచ్చారు. నేను పోయేసరికి అవి కాలిపోయి పుల్లలే మిగిలాయి. ఆయన పోయి అప్పటికి ఇరవై రోజులు. ఫోటో మాత్రం మంచిదే. నీలం చొక్కా, మెడలో కార్డు, నవ్వీ నవ్వని ముఖం. ఇంట్లో మాకు అంత మంచి ఫోటో లేదు. దాన్ని అడిగి తీసుకుందామా అనుకుంటూ నిలబడ్డాను.

నా వెంట మా బావ వచ్చాడు, మా ఆయన అన్న. రాయల్పాడు నుంచి పొద్దున్నే బస్సెక్కి వచ్చాడు. ఆయన ఫోటో కింద రాసింది చదివి అట్లే ఆగిపోయాడు. నేను కూడబలుక్కుని బస్సు బోర్డు చదివేదాన్నే కానీ గబగబ చదవలేను.

"ఏమి బావా?" అన్నాను.

"నా పేరు రాసినారమ్మా," అన్నాడు మెల్లగా. "నా పేరు రాసి, కింద శ్రద్ధాంజలి అని రాసినారు."

బోర్డు రాసినవాడి పొరపాటు కాదు అది. ఇరవై ఏళ్ళు ఆ ఫ్యాక్టరీలో మా ఆయన బావ పేరు మీదే పని చేశాడు. నేను పోయింది కూడా ఆ పేరు మీద వచ్చే పెన్షన్ కోసమే. ఆ రోజు నుంచి జరిగిందంతా చెప్పాలంటే ముందు ఆ పేరు సంగతి చెప్పాలి.

మాది బంగారు గనుల ఊరు. మా మామ ఆంధ్రా పల్లె నుంచి వచ్చి గనిలో చేరాడు. గనిలో మనిషికొక ఇత్తడి బిళ్ళ, దాని మీద నెంబరు. దాన్ని టోకెన్ అనేవాళ్ళు. పనిలోకి దిగేటప్పుడు కిటికీ దగ్గర అది తీసుకోవాలి, పైకి వచ్చాక అక్కడే ఇచ్చేయాలి. మామకి జ్వరం వస్తే ఆయన తమ్ముడు ఆ టోకెన్ తీసుకుని దిగేవాడు. తమ్ముడికి కాలు నొప్పి చేస్తే ఇంకొకరు. మేస్త్రీకి తెలుసు, అందరికీ తెలుసు. నెంబరు లోపలికి పోయింది, నెంబరు బయటికి వచ్చింది, అంతే. ఎవరూ దాన్ని దొంగతనం అనుకోలేదు. మనిషి పడుకున్నా ఇంట్లో పొయ్యి వెలగాలి కదా. మా గని కూలీల లైన్లలో అందరి ఇళ్ళలోనూ అదే నడిచింది.

తర్వాత మా బావ గనిలో చేరాడు. ఆయన పదో తరగతి పాసయ్యాడు. మా ఆయన ఆరో తరగతిలో బడి ఎగ్గొట్టి గని పక్క సైనైడు మట్టి దిబ్బల మీద గాలిపటాలు ఎగరేసినవాడు. గని మూసేశాక వాళ్ళు ఇచ్చిన డబ్బు తీసుకుని బావ రాయల్పాడు దగ్గర పెళ్ళాం వాళ్ళ ఊరికి పోయాడు. కొంచెం మామిడి తోట, రాగి చేను. మా ఆయన మాత్రం ఊళ్ళో రెండు మూడేళ్ళు పనీ పాటా లేక సుమ్మనే తిరిగాడు. అప్పుడే మాలూరులో ఆ ఫ్యాక్టరీ వాళ్ళు మనుషుల్ని తీసుకుంటున్నారని తెలిసింది. పదో తరగతి సర్టిఫికెట్ ఉండాలన్నారు.

మా అత్తే పెట్టె తెరిచింది. బావ సర్టిఫికెట్ అందులోనే ఉండిపోయింది.

"ఇది పెట్టెలో పండుకోని ఏమి చేస్తాండాదిరా? తీసుకోని పో," అంది.

"అది అన్నదమ్మా," అన్నాడు మా ఆయన.

"అన్నదైతే? ముఖం మీద రాసుండాదా? మీ నాయన టోకెన్ మీద మీ చిన్నాయన దిగలేదా?"

బావకి ఫోన్ చేసి అడిగారు. ఆయన నవ్వాడు. "నాకేమిరా, నేను మామిడి చెట్లకి సర్టిఫికెట్ చూపించల్లనా? తీసుకోని పో. అయితే ఒకటి, ఆడ ఎవురినైనా కొడితే పోలీసోళ్ళు నన్ను వెతుక్కోని వస్తారు, చూసుకో."

అట్లా చేరాడు. రోజూ తెల్లారకముందే మారికుప్పం నుంచి వచ్చే రైలెక్కి, బంగారుపేట, టేకల్ దాటి మాలూరులో దిగేవాడు. అన్నదమ్ములిద్దరిదీ ఒకటే ముక్కు, ఒకటే నుదురు. సర్టిఫికెట్ ప్రకారం మా ఆయన మూడేళ్ళు పెద్దవాడయ్యాడు. "ఫ్యాక్టరీలో ముసలోడిని, ఇంటికొస్తే మూడేళ్ళు చిన్నోడ్ని," అని నాతో సరసమాడేవాడు.

మొగుడి పేరు నోటితో చెప్పే అలవాటు నాకు లేదు. మా అమ్మా చెప్పలేదు, అత్తా చెప్పలేదు. రేషన్ ఆఫీసులో అడిగితే పక్కనున్న వాళ్ళను చెప్పమనేదాన్ని. ఇప్పుడు నేను చెబుతుంటే ఇది రాసుకుంటున్న అమ్మాయి కూడా అడిగింది, వద్దన్నాను. అందుకే ఆయనకి రెండు పేర్లున్నాయన్నది నాకు ఎప్పుడూ తగల్లేదు. నాకు ఒకటీ లేదు, ఆయన ఆయనే. ఒకసారి రైల్లో తోటి మనిషి ఒకడు ఆదివారం ఇంటికొచ్చి బావ పేరు చెప్పి, ఉన్నాడా అని అడిగాడు.

"ఆయన రాయల్పాడులో ఉండాడప్పా," అన్నాను.

"ఏందక్కా, నిన్న సాయంత్రం నా తోడే రైలు దిగినాడే!"

లోపల మా ఆయన తువ్వాలు నోట్లో కుక్కుకుని నవ్వుతున్నాడు. అతను పోయాక అత్తతో కలిపి ముగ్గురం నవ్వాం.

ఫ్యాక్టరీ వాళ్ళు కొత్త కాగితం ఏది అడిగినా బావ రావాల్సి వచ్చేది. బ్యాంకులో వేలిముద్ర, ఆధార్ కార్డు, పీఎఫ్‌కి కార్డు జత చేయడం, అన్నిటికీ బావ బస్సెక్కి వచ్చి వేలు పెట్టి పోయేవాడు. మామిడికాయల కాలమైతే సంచి నిండా తెచ్చేవాడు. బ్యాంకులో పిల్ల పాసుబుక్కులో మా ఆయన ఫోటో చూసి, బావని చూసి, "ఇంత నల్లగా అయిపోయినారేమి సార్?" అని అడిగిందట. "ఎండలో పని మేడం," అన్నాడట. ఆ మాట ఇంటికొచ్చి చెప్పి ఎంతసేపు నవ్వారో అన్నదమ్ములు. బావకి గని పెన్షన్ కొంచెం వస్తుంది. అది కూడా అదే కార్డు మీద. దాని గురించి అప్పుడు ఎవరమూ ఆలోచించలేదు.

సర్టిఫికెట్ ప్రకారం మా ఆయన రిటైర్ కావడానికి ఇంకొక ఏడాదే ఉంది. ఆయన పోయిన రోజు మధ్యాహ్నం షిఫ్టు ముగించుకుని రైల్లో వస్తూ, టేకల్ దాటాక రొమ్ము పట్టుకుని పక్కవాడి మీద ఒరిగాడట. తోటివాళ్ళు బంగారుపేటలో దించి ఆటోలో ఆస్పత్రికి తీసుకుపోయారు. నాకు ఫోన్ వచ్చింది. నేను చేరేసరికి ప్రాణం పోయింది. వరండాలో బల్ల మీద పడుకోబెట్టారు. బూట్లు విప్పి కింద జతగా పెట్టారు ఎవరో.

నర్సు పుస్తకం తీసుకుని వచ్చింది. రైల్లో వాళ్ళు అప్పటికే పేరు రాయించారు. ఆమె అది పైకి చదివింది. బావ పేరు చదివి, చనిపోయినాడు అని చదివింది.

నేను అరిచాను. "అయ్యో, కాదమ్మా, అది మా బావ పేరు! ఆయన బతికుండాడు! ఆయన్ని చచ్చిపోయినాడని రాస్తావా?"

"మరి ఈయన పేరేమి?"

రైల్లో వాళ్ళు నా ముఖం చూస్తున్నారు. చెప్పడానికి నా పక్కన ఎవరూ లేరు. పెళ్ళయి ముప్పై ఏళ్ళు కావస్తుండగా మొదటిసారి ఆయన పేరు నోరు తెరిచి చెప్పాను. ఇంటి పేరుతో సహా చెప్పాను. నర్సు ముందు రాసింది కొట్టేసి, నేను చెప్పింది రాసింది. నా దగ్గరున్న ఆయన అసలు ఆధార్ కార్డు చూసి నెంబరు కూడా రాసుకుంది.

నేను నోరు మూసుకుని ఉంటే అయిపోయేది. డెత్ సర్టిఫికెట్ ఆ పేరు మీదే వచ్చి ఉండేది. ఆ మాట ఇప్పటికి ఎన్నిసార్లు అనుకున్నానో. అయితే బావ చచ్చిపోయాడని ఒక నర్సు పైకి చదువుతుంటే నిలబడి వినడం ఎట్లా?

ఇప్పుడు ఫ్యాక్టరీకి పోయిన రోజు సంగతి. ఆఫీసులో ఉన్నాయన ముళబాగిలు వైపువాడు, మన మాటే మాట్లాడతాడు. మంచివాడు. నన్ను కుర్చీలో కూర్చోమన్నాడు, టీ తెప్పించాడు.

"ఆయన ఒక్క రోజు కూడా లేటుగా రాలేదమ్మా," అన్నాడు. "మీకు రావాల్సిందంతా నేను తెప్పిస్తాను. పీఎఫ్ వస్తాది, ఇన్సూరెన్సు వస్తాది, కంపెనీ ఇచ్చే గ్రాట్యుటీ వస్తాది. ఇంగ పెన్షన్, మీరు ఉండేంత వరకు నెలనెలా మీ అకౌంటుకే వస్తాది. నామినీగా భార్య అని మీ పేరే రాసినారు."

పెన్షన్ అన్న మాట దగ్గరే నా చెవులు ఆగిపోయాయి. మిగిలినవి వచ్చినా రాకున్నా సరే. నాకు పిల్లలు నిలవలేదు. ఇంట్లో నేను, ఎనభై దాటిన అత్త. ఊదుబత్తులు చుట్టి చుట్టి నా వేళ్ళు వంకర పోయాయి, మోకాళ్ళు కింద కూర్చోనివ్వవు. నెలనెలా ఏదో ఒకటి వస్తే అత్త చక్కెర మాత్రలకి, బియ్యానికి నేను ఎవరి ముందూ నిలబడే పని ఉండదు. నాకు కావాల్సింది ఆ ఒక్కటే.

"డెత్ సర్టిఫికెట్ తెచ్చినారా?" అన్నాడు.

ఇచ్చాను. ఆయన చదివి, మళ్ళీ చదివి, ఫైలు చూశాడు.

"ఇది ఎవురిదమ్మా?"

"ఆయనదే సార్."

"పేరు వేరే ఉండాదే." బావ వైపు తిరిగాడు. "మీరెవురప్పా?"

"వాళ్ళన్న సార్."

"మీ పేరు?"

బావ నోరు తెరిచాడు. ఏ పేరు చెబుతాడు? ఆయన పేరుకి బయట దండ వేసి ఉంది. నా వైపు ఒకసారి చూసి, మా ఆయన పేరు చెప్పాడు. చచ్చిపోయిన తమ్ముడి పేరు తన పేరని చెప్పాడు. చెప్పాక మోచేతులు బల్ల మీద పెట్టుకుని తల వంచుకున్నాడు.

ఆఫీసాయన ముఖం వెలిగింది. "అదీ సంగతి! సర్టిఫికెట్‌లో ఉండేది మీ పేరే కదప్పా. ఆస్పత్రిలో గాబరాలో అన్న పేరు, తమ్ముడి పేరు మార్చి రాసేసినారు. ఏమి కాదమ్మా, ఏడవద్దు. పోయి సరిచేయించుకోని రండి. మిగిలింది నేను చూసుకుంటాను."

మేము నడిచి రైలు స్టేషన్‌కి వచ్చాం. బల్ల మీద కూర్చున్నాక బావ అన్నాడు, "ఆయప్ప చెప్పింది చేస్తే, నేను చచ్చిపోవల్ల కదమ్మా."

ఆదివారం మా ఇంట్లో కూర్చున్నాం. బావ, నేను అక్కా అని పిలిచే ఆయన భార్య, అత్త, నేను. అక్క గడప దగ్గరే కూర్చుంది, లోపలికి రాలేదు.

అత్తకి ఇదేమీ పెద్ద విషయంగా అనిపించలేదు. "పేరే కదరా, ఏముండాది దాంట్లో? టోకెన్ కింద పెడతారు, ఇంగొకరు తీసుకుంటారు. రాసియ్యి, ఆ పిల్ల బతకల్ల కదా," అంది.

అక్క లేచి నిలబడింది. "ఆ పేరుండే మనిషితోనే నాకు తాళి కట్టించినారత్తా. టోకెన్‌తో కట్టించలేదు. నా మొగుడు తోటలో పాదులు తీస్తా ఉంటే, ఆయన సచ్చిపోయినాడని నేను కాగితం తెచ్చుకోవల్లనా? పహణీలో తోట ఆయన పేరు మీద ఉండాది. గని పెన్షన్ ఆయన పేరు మీద ఉండాది. రేషన్ ఆయన పేరు మీద ఉండాది. ఆయన చస్తే అవన్నీ ఎవురివి?"

"అరవద్దే," అన్నాడు బావ.

"నువ్వు మూసుకో! ఆడ పోయి తమ్ముడి పేరు చెప్పుకోని వచ్చినావంట! ఇంగ నిన్ను ఏమని పిలవల్ల నేను?"

ఎవరూ నవ్వలేదు. నేను అక్క కాళ్ళు పట్టుకుని, "వద్దక్కా, బావకి ఏమీ కానియ్యను," అన్నాను. నిజంగానే అన్నాను. ఆమె నన్ను లేపి పక్కన కూర్చోబెట్టుకుంది. ఇద్దరం ఏడ్చాం. ఆమె చెడ్డది కాదు.

కోర్టు ఎదురుగా టైపు కొట్టే ఆయన ఒక దారి చెప్పాడు. రెండు పేర్లూ ఒకే మనిషివని నోటరీ దగ్గర ప్రమాణపత్రం రాయిస్తే చాలట. ఇట్లాంటివి వారానికి పది రాస్తానన్నాడు. అందులో ఎవరూ చావనక్కర్లేదు. అక్క కూడా సరేనంది. రెండో పేరు మనిషి బతికున్నాడని మాత్రం మేము ఆయనకి చెప్పలేదు. చెప్పాలని కూడా తోచలేదు. సంతకం పెట్టమన్న చోట నా నాలుగు అక్షరాలు పెట్టాను.

ఫ్యాక్టరీ ఆయన అది చూసి, "ఇది ముందే తేవచ్చు కదమ్మా," అని ఫారాలన్నీ తనే నింపి పైకి పంపాడు. మూడు నెలల్లో వస్తుందన్నాడు. ఆ మూడు నెలలు ఇంట్లో కొంచెం వెలుతురు ఉండింది. బ్యాంకులో ఉన్న ఆఖరి జీతం బావే వచ్చి తీసిచ్చాడు, ఆ పేరు ఆయనదే కాబట్టి ఎవరూ అడగలేదు. అత్తకి కొత్త కంటి అద్దాలు చేయించాను. పెన్షన్ వస్తుంది కదా అని చేయించాను.

వచ్చింది పెన్షన్ కబురే. అంటే, వచ్చేది ఆగింది. బావది.

అక్క ఫోన్ చేసింది. గొంతు మామూలుగా ఉంది, అరవలేదు. అరిచి ఉంటే బాగుండేది.

"ఈ నెల పడలేదమ్మే. బ్యాంకులో అడిగితే కోలారు పీఎఫ్ ఆఫీసుకి పొమ్మన్నారు. ఆడ పోతే, ఈ కార్డు మనిషి చచ్చిపోయినాడని పెళ్ళాం అర్జీ పెట్టుకోనుండాదంట. ఎవురా పెళ్ళాం అని చూస్తే నీ పేరు ఉండాది."

బావ ప్రతి ఏడూ తాను బతికున్నానని వేలిముద్ర వేసి వస్తాడు. మొన్న కూడా వేశాడు. అదే కార్డు నెంబరు మా ఆయన ఫైల్లో ఉంది. రెండు కాగితాలు ఎక్కడో ఒక కంప్యూటర్లో ఎదురుపడ్డాయి. ఒకటి బతికున్నాడంది, ఒకటి చచ్చాడంది.

వారం తర్వాత ముగ్గురం కోలారు పోయాం. లోపలికి నన్నొక్కదాన్నే పిలిచారు. మేడం ముందు రెండు ఫైళ్ళు ఉన్నాయి. చదువుకున్న పిల్ల, నా కూతురి వయసు ఉంటుంది, ఉంటే. కన్నడంలో మొదలుపెట్టి, నాకు అర్థం కావడం లేదని తెలుగులోకి వచ్చింది.

"భయపడొద్దమ్మా. నాకు ఒకటే తెలియాల. ఆ ఫ్యాక్టరీలో పని చేసింది ఎవురు?"

నేను ఆ రెండు ఫైళ్ళ వైపు చూశాను.

ఆమె తలుపు వైపు చూసి గొంతు తగ్గించింది. "చూడమ్మా, రెండే ఉండాయి. మీ ఆయనే చేసినాడంటే, వేరే మనిషి పేరు మీద ఇన్నేళ్ళు పని చేసినట్ల. అన్న తెలిసి కార్డు ఇచ్చినట్ల. అది కేసు అవుతాది, బయట కూర్చోనుండే ఆ పెద్దాయన మీద. పెన్షన్ ఎవురికీ రాదు. లేదంటే మీ ఆయన ఆడ పని చేయలేదు, తెలీక అర్జీ పెట్టినాను, వాపసు తీసుకుంటాను అని రాసియ్యండి. ఆ పెద్దాయనకి ఆగింది మళ్ళీ మొదలైతాది."

"నాకు?"

"మీకు దీంట్లో ఏమీ లేదమ్మా. ఎట్ల చూసినా లేదు." ఆమె ముఖం చూస్తే నా కంటే ఆమెకే కష్టంగా ఉన్నట్టుంది. "బయట పోయి అడిగి రండి, తొందరేమీ లేదు."

బయట బల్ల మీద బావ, అక్క కూర్చున్నారు. చెప్పాను. అక్క చెప్పుల వైపు చూస్తూ కూర్చుంది. బావ చాలాసేపు గడ్డం గోక్కున్నాడు.

"నిజమే చెప్పమ్మా," అన్నాడు. "వాడు ఇరవై ఏళ్ళు రైల్లో నిలబడి పోయినాడు. లేదని ఎట్ల రాసిస్తావు? నా మీద కేసు వస్తే వస్తాది."

అక్క ఒక్క మాట కూడా అనలేదు. ఆమె కొంగు కొసని వేలికి చుట్టి, విప్పి, మళ్ళీ చుడుతోంది. ఆమె అంటే నేను తిరిగి ఏదన్నా అనేదాన్నేమో. ఆమె అనలేదు.

నేను లోపలికి పోయాను.

మేడం తెల్ల కాగితం తీసుకుని రాయడం మొదలుపెట్టింది. "మీ ఆయన ఏమి పని చేస్తా ఉండె?"

ఆయన ఏ మెషీను మీద పని చేశాడో నాకు తెలుసు. ఎడమ చేతి చిటికెన వేలు కొస ఏ సంవత్సరం పోయిందో తెలుసు. దీపావళికి ఫ్యాక్టరీలో ఇచ్చిన స్టీలు డబ్బాలు పేర్చితే మా వంటింటి చెక్క అర నిండుతుంది.

"ఏ పనీ లేదు మేడం," అన్నాను. "ఇంట్లోనే ఉండె."

"ఇన్నేళ్ళూ?"

"ఇన్నేళ్ళూ."

"మరి ఇల్లు ఎట్ల గడిచింది?"

"నేను ఊదుబత్తులు చుడతాను మేడం."

ఆమె పెన్ను ఆపి నా చేతుల వైపు చూసింది. తర్వాత రాసింది. రాసింది నాకు చదివి వినిపించింది. నా భర్త ఏ ఫ్యాక్టరీలోనూ ఏనాడూ పని చేయలేదు, అని ఉంది. నాలుగు అక్షరాలు పెట్టాను. వేలిముద్ర కూడా కావాలంది, పెట్టాను. ఇంకు తుడుచుకోవడానికి గుడ్డ ముక్క ఇచ్చింది.

తిరిగి వచ్చేటప్పుడు బస్టాండులో అక్క నాకు ఇడ్లీ తినిపించింది. వద్దన్నా వినలేదు, తుంచి నోట్లో పెట్టింది. పెన్షన్ పడ్డాక నెలనెలా కొంచెం పంపుతానని బావ అన్నాడు. రెండు నెలలు పంపాడు. మూడో నెల మామిడి పూత మాడిపోయిందన్నాడు. అబద్ధం కాదు, నేను చూశాను ఆ తోట. రాగులు మాత్రం పంపుతాడు.

అత్తకి నేను రాసిచ్చిన సంగతి చెప్పలేదు. ఆమె కొత్త అద్దాలు పెట్టుకుని పోస్టు అతను వచ్చే వేళకి గడపలో కూర్చుంటుంది. "ఇంగ ఎన్నాళ్ళు పడుతాదంట?" అంటుంది. "పడుతాదత్తా," అంటాను. చక్కెర మాత్రలు రోజుకి రెండు వేయాలి. నేను ఒకటి ఇస్తున్నాను. ఆమెకి లెక్క తెలియదు.

ఫ్యాక్టరీ ఆఫీసాయనకి ఇవన్నీ తెలియవు. అర్జీ ఎందుకో వెనక్కి వచ్చిందని మాత్రం తెలుసు. మంచి మనిషి, మరిచిపోడు. రెండు మూడు నెలలకొకసారి ఫోన్ చేస్తాడు. మొన్న కూడా చేశాడు.

"అమ్మా, ఆస్పత్రిలో ఆ పేరు సరిచేసినారా?"

"ఇంగా లేదు సార్."

"తిరగల్లమ్మా, తిరక్కుండా వాళ్ళు చేయరు. ఎవురినైనా తోడు తీసుకోని పోండి. మీరేమీ దిగులు పెట్టుకోవద్దు. మీకు రావాల్సింది యాడికీ పోదు. ఆయన పేరు మీదనే భద్రంగా ఉంటాది."

"సరే సార్," అన్నాను.